వెల్లకిలా

స్వరూప వాళ్ళన్న సైదులు వెల్లకిలా పడుకుని ముప్పై ఏళ్ళు దాటింది. పన్నెండో ఏడు వచ్చేసరికే అతని వెన్నెముక నడుము దగ్గర వంగి, వంగినచోటే బిగుసుకుపోయింది. నేలమీద వెల్లకిలా వాలిస్తే తలా కాళ్ళూ గాలిలోనే ఉండిపోయేవి. అందుకని ఎప్పుడూ ఎడమపక్కకు ఒత్తిగిలి, మోకాళ్ళు గడ్డం దాకా ముడుచుకుని నిద్రపోయేవాడు. నడవాలంటే చేతులు నేలకు ఆనించాలి. కూర్చుంటే మాత్రం అతనంత చురుకైన పనివాడు ఆ చుట్టుపక్కల లేడు. బస్సు ఆగేచోట చిన్న డబ్బాకొట్టు పెట్టుకుని ఫ్యాన్లు, మిక్సీలు బాగుచేసేవాడు.

వాళ్ళది నల్లగొండ జిల్లాలో రాళ్ళబావి అనే ఊరు. ఆ ఊరి బోరునీళ్ళు చూడటానికి తేటగానే ఉండేవి. ఆ నీళ్ళు తాగిన పిల్లలకు ముందు పళ్ళు గారపట్టేవి. ఆ తర్వాత కాళ్ళు వంకరపోయి దొడ్డివయ్యేవి. వయసు వచ్చేసరికి మెడ తిరగడం మానేసేది. నీళ్ళలోని ఫ్లోరైడు ఎముకలో చేరి దాన్ని రాయి చేస్తుందని ఊళ్ళో అందరికీ తెలిసేనాటికి ఊరు సగం వంగిపోయింది. స్వరూపను మాత్రం మూడేళ్ళ వయసులోనే పిల్లలు లేని చిన్నమ్మ మిర్యాలగూడ తీసుకెళ్ళి పెంచుకుంది. అక్కడివి కాలవ నీళ్ళు. ఒకే కడుపున పుట్టిన ఇద్దరిలో ఒకరు నిటారుగా, ఒకరు ముడుచుకుని పెరగడానికి అంతకుమించిన కారణం లేదు.

స్వరూప చదువంతా ఎముక చుట్టూనే తిరిగింది. హైదరాబాదులో ఒక పరిశోధనా సంస్థలో చేరాక ఏళ్ళ తరబడి ఒకటే వెతికింది. మన ఒంట్లో పాత ఎముకను కొరికి తీసేసే కణాలున్నాయి. వాటి వెనకే కొత్త ఎముకను కట్టే కణాలు వస్తాయి. ఫ్లోరైడు పట్టిన ఎముక దగ్గరికి వచ్చేసరికి కొరికే కణాలు వెనక్కి తగ్గుతాయి. వాటికి ఆ చెడ్డ ఎముకను గుర్తుపట్టడం నేర్పాలి.

ఆ నేర్పే మందు ఒకరోజు దొరికింది. రాళ్ళబావిలో చచ్చిపోయిన మేక పక్కటెముక ముక్క ఒకటి ఆమె దగ్గర ఉండేది. మేకలూ ఆ నీళ్ళే తాగేవి కదా. ఆ ముక్కను కణాలతోపాటు గాజుపళ్ళెంలో పెట్టి మందు చుక్క వేసింది. వారం తిరిగాక పట్టకారుతో ఎత్తి చూస్తే ముక్క లేత చింతబరికెలా వంగింది. విరగలేదు. చెడ్డదంతా పోయి ఎముక అచ్చు మాత్రం మిగిలింది. ఆ వంగే సమయంలో దాన్ని తిన్నగా నిలబెట్టి ఉంచితే, కొత్త ఎముక తిన్నగానే కట్టుకుంటుంది. స్వరూప ఆ ముక్కను మళ్ళీ పళ్ళెంలో పెట్టి చేతులు కడుక్కుంది.

మనుషుల మీద పరీక్షించడానికి అనుమతి కావాలి. అనుమతి ఇచ్చే కమిటీలో డాక్టర్ సుభద్ర అని కిడ్నీల నిపుణురాలు ఉండేది. మాట మెత్తన, ప్రశ్న సూటి.

"ఎముకలోంచి తీసిన ఫ్లోరైడు ఎక్కడికి పోతుంది స్వరూపగారూ?"

"రక్తంలోకి, మేడమ్. అక్కణ్ణించి మూత్రంలో పోతుంది."

"అంటే కిడ్నీలు మోయాలి. ముప్పై ఏళ్ళు ఆ నీళ్ళు తాగినవాళ్ళ కిడ్నీలు ఎలా ఉంటాయో నాకు తెలుసు. వాటిమీద ఈ బరువు వెయ్యమని నేను చెప్పలేను."

పక్కనున్న పెద్దమనిషి గొంతు సవరించుకున్నాడు. "పైగా ఇప్పుడా ఊళ్ళకు నది నీళ్ళు వస్తున్నాయి. కొత్త కేసులు దాదాపు లేవు. ఇంకో ఇరవై ముప్పై ఏళ్ళలో ఈ సమస్యే ఉండదు. దీనికింత ఖర్చూ, ఇంత ప్రమాదమూ అవసరమా అని."

సమస్య ఉండదు అంటే సమస్య ఉన్న మనుషులు ఉండరని. ఆ మాట ఆయనకు తట్టలేదో, తట్టినా పైకి అనలేదో స్వరూపకు తెలియలేదు. నమస్కారం పెట్టి బయటికొచ్చింది.

ఆ ఆదివారం ఊరికి వెళ్ళింది. సైదులు డబ్బాలో కూర్చుని ఫ్యాను మోటారుకు తీగ చుడుతున్నాడు. తల ఎత్తలేడు కాబట్టి కాళ్ళు చూసి మనుషుల్ని గుర్తుపడతాడు.

"చెప్పులు కొత్తయి కొన్నవ్. అయినా నడక సూస్తె ఎరుకైంది. వద్దన్నరా?"

"వద్దన్నరు అన్నా."

"ఎందుకట?"

"కిడ్నీలు కరాబైతయట. మల్ల కొత్తగ ఎవలకూ వస్తలేదట గదా. ఉన్నోళ్ళు పోతె రోగం గూడ పోతదన్నట్టు మాట్లాడిన్రు."

సైదులు నవ్వాడు. "లెక్క మంచిగనే ఉన్నది. కూసో, చాయ్ చెప్త."

ఎదురు హోటలు నుంచి చాయ్ వచ్చింది. చెల్లెలు గ్లాసు పట్టుకుని తాగకుండా కూర్చుంటే చుడుతున్న తీగ ఆపాడు.

"నాకు బడిల వద్దన్నరు, మెట్లెక్కలేనని. పింఛన్ వద్దన్నరు, వేలిముద్ర పడ్తలేదని. ఈ డబ్బాకు కరెంటు ఇయ్యం పొమ్మన్నరు. ఎన్నిసార్లు తిరిగిన్నో నీకెరుకనే గద. అన్నీ అయినయ్. ఒక్కటి కాలే."

"ఏంది?"

"పెండ్లి." మళ్ళీ తీగ అందుకున్నాడు. "అడిగిన. ఆమె వద్దన్నది. గదొక్కటే రొండోసారి అడగలే."

స్వరూపకు ఆ సంగతి తెలియదు. ఎవరని అడగాలనిపించింది కానీ అడగలేదు.

"నువ్వు మల్ల పో. గా కిడ్నీల మేడం ఏమన్నదో గది సరిజేసుకొని పో. ఉత్తగ పోయి బతిమాలకు," అన్నాడు సైదులు. "అనుమతి వచ్చిన్నాడు మాత్రం మొదటి సూది నాకే."

"నీకు ఇయ్య. నీకు వద్దే వద్దు."

"సూసినవా, నువ్వు గూడ వద్దంటున్నవ్. నేను మల్ల అడుగుత."

సుభద్ర చెప్పింది సరిచేయడానికి చాలా కాలం పట్టింది. మందు ఒక్కసారిగా కాక నిదానంగా పనిచేసేలా మార్చింది స్వరూప. రాళ్ళబావి నుంచి దొడ్డికాళ్ళ మేకలను తెప్పించి సంస్థ వెనక షెడ్డులో కట్టింది. మొదటివి చనిపోయాయి. తర్వాతవి చావలేదు కానీ లేవలేదు. ఈ మధ్యలో మరోసారి కమిటీ ముందుకు వెళితే మరోసారి వద్దన్నారు. సంస్థ పెద్దలు ఇంకో పని చూసుకోమని సలహా ఇచ్చారు. తనతో చేరినవాళ్ళు ఒకరొకరే వేరే ప్రాజెక్టులకు మారిపోయారు. భర్త మురళి బ్యాంకులో పనిచేసేవాడు. ఆమెను ఎప్పుడూ ఒక్క మాట అనలేదు. భోజనాల దగ్గర మాత్రం, "ఇవాళ మేకలెట్లున్నయ్?" అని ఇంట్లో మనుషుల్ని అడిగినట్టు అడిగేవాడు.

ఒక వానాకాలం నల్లమచ్చల మేక ఒకటి కాళ్ళ కట్లు విప్పాక లేచి నిలబడింది. కాళ్ళు తిన్నగా ఉన్నాయి. షెడ్డు అంచున కంచెకు ఎగబడి పైకొమ్మ ఆకు అందుకుంది. దాని కిడ్నీలు బాగానే ఉన్నాయి. ఆ వెనక ఇంకొన్ని లేచాయి. ఆసారి సుభద్ర పరీక్షల వివరాలన్నీ స్వయంగా చూసి, షెడ్డుకు వచ్చి మేకలను కూడా చూసింది.

"ముగ్గురికి," అంది చివరికి. "ముగ్గురు పెద్దవాళ్ళకి, ఒకరి తర్వాత ఒకరికి. మనుషుల్ని మీరు ఎంచకూడదు. చికిత్స కూడా మీ చేతిలో ఉండకూడదు."

వేరే డాక్టర్లు ఊళ్ళు తిరిగి ఎంపిక చేశారు. కిడ్నీ పరీక్షలో నెగ్గినవాళ్ళలో సైదులు ఉన్నాడు. స్వరూప తన అన్నను తీసేయమని అడిగింది. ఆయన తన ఇష్టంతో వచ్చాడు, కాదనడానికి కారణం లేదన్నారు. మిగతా ఇద్దరిలో ఒకాయన భయపడి వెనక్కి తగ్గాడు. రెండో ఆమె భిక్షమ్మ. పక్క మండలంలో కూరగాయలమ్మే మనిషి. నడుమూ మెడా రెండూ బిగుసుకుపోయి, వెనక నుంచి పిలిస్తే ఒళ్ళంతా తిప్పితేనే కానీ చూడలేదు.

మొదటి సూది సైదులుకే పడింది.

ఎముకలు మెత్తబడటం మొదలయ్యాక అతన్ని నడుము నుంచి మెడ దాకా అచ్చులాంటి చట్రంలో పడుకోబెట్టారు. వారానికోసారి ఆ చట్రాన్ని వెంట్రుకవాసి తెరిచేవాళ్ళు. నొప్పి ఉండేది. అతను కేకలు వేసేవాడు కాదు. నొప్పి ఎక్కువైనప్పుడు మోటారు ఎలా చుట్టాలో నర్సుకు చెప్పేవాడు. స్వరూప వార్డు అద్దానికి ఇవతలే నిలబడాలి. రోజుకొక్కసారి, చెల్లెలిగా మాత్రమే లోపలికి వెళ్ళనిచ్చేవాళ్ళు.

ఒకనాడు పొద్దున వెళ్ళేసరికి చట్రం పూర్తిగా పరుచుకుని ఉంది. సైదులు మంచంమీద వెల్లకిలా పడుకుని ఉన్నాడు. తల దిండుమీద ఉంది, మడమలు పరుపుమీద ఉన్నాయి. చేతులు రెండూ పక్కలకు చాపుకున్నాడు. అతను అంత పొడుగని స్వరూపకు అంతవరకూ తెలియదు.

ఆమెను చూసి పలకరించలేదు. పైకి చూస్తూనే ఉన్నాడు.

"సొరూప."

"ఆఁ అన్నా."

"ఎన్ని ఫ్యాన్లు బాగుచేసిన్నో నాకే లెక్కలేదు. తిరిగే ఫ్యాను కింద ఇట్ల పండుకొని సూడనే లే. రెక్కలు కనవడయే. ఉత్త గాలిలెక్క ఉంటది." కాసేపాగి, "కొంచెం గరగరమంటున్నది. బేరింగ్ పోయినట్టున్నది. చెప్పు వాళ్ళకు," అన్నాడు.

అతని కళ్ళ పక్కనుంచి నీళ్ళు చెవుల్లోకి కారుతున్నాయి. పడుకుని ఏడిస్తే అలా కారతాయని అతనికి కొత్త. చేత్తో తుడుచుకుని చూసుకుని, నవ్వాడు. స్వరూప మంచం పక్కన కూర్చుని అతని పాదాలు రెండూ కలిపి పట్టుకుంది.

ఆ నెలంతా రాళ్ళబావి నుంచి మనుషులు వస్తూనే ఉన్నారు. అద్దంలోంచి చూసి, లోపలికి చెయ్యి ఊపి వెళ్ళిపోయేవాళ్ళు. వంగిన మనుషులు ఆటోలు మాట్లాడుకుని మరీ వచ్చారు. భిక్షమ్మకు కూడా సూదులు మొదలుపెట్టారు.

ఆ తర్వాత సైదులుకు ముఖం ఉబ్బింది.

రక్తపరీక్షల్లో తేడా కనపడగానే మందు ఆపేశారు. కానీ లోపలికి పోయిన మందు ఎముకలోనే కూర్చుంది. నేర్పిన కణాలు నేర్చుకున్న పని మానలేదు. మేకలకు ఏడెనిమిదేళ్ళ ఫ్లోరైడు ఉంటుంది. సైదులుకు నలభై ఏళ్ళది ఉంది. పైపొరలు పోయాక లోపలి పొరల్లోంచి అది అనుకున్నదానికన్నా ఎంతో ఎక్కువగా రక్తంలోకి దిగసాగింది. మొదట వద్దన్న సుభద్రే వచ్చి డయాలసిస్ దగ్గర కూర్చుంది. యంత్రం తీసేదానికన్నా ఎముక వదిలేదే ఎక్కువగా ఉంది. ఆ ఫ్లోరైడు రక్తంలో ఉన్న కాల్షియాన్ని పట్టేసుకుంటుంది. గుండె కొట్టుకోవాలంటే ఆ కాల్షియమే కావాలి.

అప్పుడు స్వరూపను లోపల ఉండనిచ్చారు.

"ఆపితె ఆగుతదా?" అని అడిగాడు సైదులు.

"ఆపిన్రు అన్నా. ఆగుతలేదు. మందు లోపటికి పోయింది."

అతను ఊపిరి కోసం ఆగి ఆగి అన్నాడు. "గట్లయితె ఏడ్వకు. ఆగేదయితె నువ్వు ఆపుతుంటివి."

"నేను నీకు వద్దన్న. గట్టిగ అనలే."

"అన్నవ్. నేనే మల్ల మల్ల అడిగిన." పొడి పెదాలు నాలుకతో తడుపుకున్నాడు. "భిక్షమ్మకు శురు చేసిన్రా?"

"రొండు సూదులు ఇచ్చిన్రు. చిన్న మోతాదు."

"ఆమెకు ఆపున్రి."

"ఆపినం."

"ఆమెకు మంచిగయ్యేటట్టు చేసినంక మల్ల శురు చెయ్యి. నన్ను సూసి ఇడిచిపెట్టకు."

స్వరూప అతని నుదుటిమీద చెయ్యి వేసి ఉంచింది. మర్నాడు మధ్యాహ్నం, ఎండ కిటికీలోంచి మంచం దాకా వచ్చిన వేళ, సైదులు గుండె ఆగిపోయింది. ఆ గంటలో వార్డులో ఉన్నవాళ్ళెవరూ ఒకరి ముఖం ఒకరు చూసుకోలేదు.

వాళ్ళ అమ్మ పోయినప్పుడు పాడెమీద వాల్చడానికి కుదరక, పక్కకు ఒత్తిగిల్లబెట్టి గుడ్డలతో కట్టి తీసుకెళ్ళారు. రాళ్ళబావిలో చాలామందిని అలాగే తీసుకెళతారు. సైదులు పాడెమీద తిన్నగా పడుకున్నాడు. మోసేవాళ్ళకు వెదుళ్ళు పొట్టివైతే ఇంకో వెదురు తెచ్చి కట్టారు. వంగిన ముసలివాళ్ళు వాకిళ్ళలోకి వచ్చి చూశారు. ఎవరూ స్వరూపను నిందించలేదు. నిందిస్తే బాగుండుననిపించింది ఆమెకు. మురళి ఆమె చెయ్యి పట్టుకుని నడిపించాడు.

హైదరాబాదు తిరిగి వచ్చాక సుభద్ర ఇంటికి వచ్చింది. కుర్చీ అంచున కూర్చుని మంచినీళ్ళు అడిగి తాగింది.

"సంతకం పెట్టింది నేను కూడా," అంది. "మీ ఒక్కరి మీద వేసుకోకండి."

"మళ్ళీ అడిగితే ఏమంటారు మేడమ్?"

"వద్దంటాను. కమిటీ కూడా వద్దనే అంటుంది." గ్లాసు కింద పెట్టింది. "అయినా అడుగుతారని తెలుసు."

సంస్థ ఆ ప్రాజెక్టును మూసేసింది. మేకలను అమ్మేశారు. స్వరూప ఆ ఉద్యోగం వదిలి ఒక కాలేజీలో పాఠాలు చెప్పడానికి చేరింది. సెలవుల్లో మాత్రం కాలేజీ ల్యాబు తాళం తీసుకుని ఒక్కతే పనిచేసేది. ఎముక వదిలిన ఫ్లోరైడును రక్తంలో తిరగనివ్వకుండా పట్టుకుని, పేగుల దారిన బయటికి పంపే పదార్థం కావాలి. అప్పుడు కిడ్నీల మీద బరువు పడదు. కొన్ని పట్టుకునేవి కానీ పేగుల్లోకి వదిలేవి కావు. కొన్ని ఫ్లోరైడుతోపాటు కాల్షియాన్నీ పట్టేవి. వాటిని గాజునాళికలో చూసిన ప్రతిసారీ వార్డులోని ఆ మధ్యాహ్నం గుర్తొచ్చి ల్యాబు బయటికి వెళ్ళి నిలబడేది. కాసేపటికి మళ్ళీ లోపలికి వచ్చేది. డబ్బు కోసం, మేకల కోసం ఎక్కడెక్కడో అడిగింది. అందరూ మర్యాదగానే వద్దన్నారు.

అలా కొన్నేళ్ళు గడిచాయి. ఒక సెలవురోజు ల్యాబు గుమ్మం దగ్గర ఆటో ఆగింది. భిక్షమ్మ దిగింది. ఒక చేత్తో కర్రా, ఒక చేత్తో బీరకాయల సంచీ పట్టుకుని ఉంది.

"మా తోటల కాసినయ్. లేతగున్నయని తెచ్చిన."

స్వరూప ఆమెను కుర్చీలో కూర్చోబెట్టింది. భిక్షమ్మ కూర్చుని, ఒళ్ళు కదపకుండా మెడ మాత్రం తిప్పి, అలమరల్లో ఉన్న సీసాలను కుడినుంచి ఎడమకు చూసింది. స్వరూప ఆమె మెడవైపే చూస్తూ ఉండిపోయింది.

"ఇప్పటికీ తిరుగుతున్నదా?"

"తిరుగుతది. ఆ రొండు సూదులకే. బజాట్ల ఎవలన్న పిలిస్తె దిగ్గున సూస్త. మా కోడలు నవ్వుతది, దినమంత అటు ఇటు సూసుడే నీ పనాయెనని." నడుమును కర్రతో తట్టింది. "ఇది మాత్రం గట్లనే ఉన్నది. సగం చేసి ఇడిచిపెట్టిన్రు. మిగిలింది గూడ చెయ్యమ్మా."

"వద్దు భిక్షమ్మా."

ఆ మాట తన నోట్లోంచి రావడం స్వరూపకు వింతగా తోచింది. ఎన్ని గదుల్లో, ఎంతమంది నోట విందో అదే మాట. ఇన్నేళ్ళూ దాన్ని వినడమే కష్టమనుకుంది. అనడం కూడా ఇంత కష్టమని ఇప్పుడే తెలిసింది.

"మా అన్నకేమైందో సూసినవ్ గదా."

"సూసిన. పండుకున్నది గూడ సూసిన," అంది భిక్షమ్మ. "అద్దంలకెల్లి సూసిన ఆయన్ను. చేతులు చాపుకొని పండుకున్నడు. నా బతుకుల గట్ల ఒక్కదినం పండుకోవాలె."

"ఇంకా మందు మంచిగ కాలే. నీకిస్తె నువ్వు చచ్చిపోతవ్. నిన్ను నేను చంపలేను."

"ఎప్పటికి మంచిగయితది?"

"తెల్వదు. నా కాలంల అయితదో కాదో గూడ తెల్వదు."

భిక్షమ్మ నాళికలు పెట్టిన బల్లవైపు చూసింది. "గది దేనికి?" అని అడిగింది. స్వరూప చెప్పింది. విషాన్ని పట్టుకుని పోయే పదార్థమని, కిందటి వారం ఒకటి కాల్షియం జోలికి పోకుండా ఫ్లోరైడును మాత్రమే పట్టిందని, కానీ అది నాళికలోనేనని, ఒంట్లో ఏం చేస్తుందో తెలియదని, ముందు ఎలుకలు, ఆ తర్వాత మేకలు, ఆ తర్వాత ఎవరి అనుమతులో ఉన్నాయని. ఎవరికైనా ఈ సంగతి చెప్పడం ఆమెకు ఇదే మొదటిసారి. మురళికి కూడా ఇంకా చెప్పలేదు.

"మేకలు నేనిస్త," అంది భిక్షమ్మ. "మా దిక్కు అవి ఇంకా బోరునీళ్ళే తాగుతున్నయ్."

మధ్యాహ్నం ఇద్దరూ టిఫిన్ డబ్బాలోని అన్నం పంచుకుని తిన్నారు. ఎండ తగ్గాక స్వరూప ఆటో పిలిచి, ఆమె కర్ర అందుకుని, నడుము కింద చెయ్యి వేసి ఎక్కించింది. భిక్షమ్మ సీట్లో పక్కకు ఒరిగి సర్దుకుంది.

"మల్ల ఎప్పుడు రావాలె?"

రావద్దని చెప్పాలని స్వరూప నోరు తెరిచింది.

"బతుకమ్మ పండుగ అయినంక రా," అంది. "అప్పుడు గూడ వద్దనే అంటనేమో, భిక్షమ్మా."

"అంటె అను," అంది భిక్షమ్మ, డ్రైవరును పోనివ్వమని తడుతూ.